కుర్చీ ఎక్కిన సన్నాయి

అతను పోయాడన్న కబురు నాకు పెళ్ళిపీటల దగ్గర తెలిసింది. హరిశ్చంద్రపురంలో పెళ్ళి. పగటి ముహూర్తం. మంగళసూత్రాన్ని కొబ్బరికాయ మీద పెట్టి, పెద్దలందరి చేతా తాకించి తెచ్చారు. పెళ్ళికొడుకు లేచి నిలబడ్డాడు. సరిగ్గా అప్పుడు పెళ్ళికూతురి మేనమామ నా వెనక్కి వచ్చి, చెవి దగ్గర వంగి, "పంతులుగారూ, సినిమా మావ పోనాడంట. ఇప్పుడే ఫోనొచ్చింది" అన్నాడు.

ఏ మాట ఎక్కడ అనాలో తెలియని మనుషులు ప్రతి పెళ్ళిలోనూ ఉంటారు. నేను ఆయన వంక ఉరిమి చూసి, "గట్టిమేళం! గట్టిమేళం!" అని అరిచాను. డోలు, సన్నాయి ఒక్కసారిగా లేచాయి. గట్టిమేళం ఉన్నదే అందుకు. తాళి కట్టే వేళ తుమ్ము గానీ, ఏడుపు గానీ, అశుభమైన మాట గానీ ఆ ఇద్దరి చెవినా పడకూడదు. ఆ రోజు మోగింది అతని మేనల్లుడి మేళం. మేనల్లుడికి అప్పటికింకా తెలియదు. నలభై దాటిన మనిషి, బుగ్గలు పూరించి, మేనమామ చావుకబురు మీదుగా వాయించుకుంటూ పోయాడు.

నేను మంత్రం చదువుతూ ఏడ్చాను. హోమం పొగ అనుకున్నారు అందరూ. అనుకోనిచ్చాను.

నాది టెక్కలి. పౌరోహిత్యం మా ఇంటి వృత్తి. ఇటు భావనపాడు రేవు నుంచి అటు కవిటి కొబ్బరితోటల దాకా, ఎవరింట్లో పెళ్ళయినా తిరుగుతుంటాను. అతనిది ఉద్దానంలో ఒక పల్లె. తర్వాత కాశీబుగ్గలో ఇల్లు కట్టుకున్నాడు. మా ఇద్దరి జుట్టూ నల్లగా ఉన్నప్పటి నుంచి పెళ్ళిళ్ళు కలిసి చేశాం. నేను పీటల దగ్గర, అతను పందిట్లో ఒక మూల చాప మీద. అతని పేరు ఇక్కడ రాయడం లేదు. రాసినా ఎవరికీ తెలియదు. మొదట్లో అందరూ "సన్నాయీ" అని పిలిచేవారు, తర్వాత "సినిమా మావా" అన్నారు. నేను మాత్రం ఆటపట్టించడానికి "విద్వాన్‌గారూ" అనేవాణ్ణి. అతను నన్ను "బాబూ" అనేవాడు. మేమిద్దరం ఒకరి పేరు ఒకరం పలికిన గుర్తు లేదు.

అతని సన్నాయికి ఒక గుణం ఉండేది. పెళ్ళిలో ఎవరి నోరు లేచినా అది లేచేది. మగపెళ్ళివారికి కాఫీ ఆలస్యమైందనో, పెట్టిన బట్టల అంచు సన్నగా ఉందనో ఒక పెద్దాయన గొంతు పెంచాడనుకోండి, చాప మీది నుంచి సన్నాయి ఆయన గొంతు కన్నా ఒక మెట్టు పైన పట్టుకునేది. ఆయన ఇంకా అరిస్తే ఇదింకా పైకి. చివరికి ఆయన తన మాట తనకే వినబడక, చేతులు ఊపి, ఊరుకునేవాడు. ఇటువైపు ఎన్ని తగవులు అలా సన్నాయిలో కొట్టుకుపోయాయో నాకు తెలుసు. నన్నూ వదిలేవాడు కాదు. ఇంకో ఊళ్ళో ఇంకో ముహూర్తం ఉండి నేను మంత్రాలు పరిగెత్తించానంటే, కావాలని నిదానంగా సాగదీసి వాయించేవాడు. నేను తలెత్తి కోపంగా చూస్తే, కళ్ళు మూసుకుని ఉండేవాడు.

"ఏమయ్యా విద్వాన్, నా కాళ్ళకి బంధం వేస్తావేం?" అనేవాణ్ణి తర్వాత.

"పెళ్ళికి ఒచ్చినారా బాబూ, బస్సుకొచ్చినారా?" అనేవాడు.

ఇక పీక సంగతి. సన్నాయి మూతికి పెట్టే చిన్న రెల్లుముక్కని పీక అంటారు. అది ఎండితే పలకదు. అందుకని వాయించబోయే ముందు నోట్లో పెట్టుకుని నానబెడతారు. అందరూ కాసేపు పెట్టుకుంటే, ఇతను పొద్దున్న మొహం కడుక్కున్నాక బుగ్గన పెట్టేవాడు. ఇక తింటున్నప్పుడు తప్ప తీయడు. దాంతో మాటంతా నోటికి ఒక పక్క నుంచే వచ్చేది, రెండో పక్క కిళ్ళీ ఉన్నట్టు ఉబ్బి ఉండేది. ఏం మాట్లాడినా కొంచెం ఎగతాళిగా, కొంచెం రహస్యం చెబుతున్నట్టుగా ఉండేది. అతనికి ఎగతాళీ లేదు, రహస్యమూ లేదు. బుగ్గన పీక ఉంది, అంతే.

ఆ పీకే అతన్ని సినిమాల్లోకి తీసుకుపోయింది. భావనపాడు రేవులో ఎవరో షూటింగుకి వచ్చి, పెళ్ళి సీనుకి మేళం కావాలంటే పలాస నుంచి ఇతన్ని పంపారు. వెళ్ళింది వాయించడానికే. ఆ దర్శకుడు ఇతని మొహం చూసి, సన్నాయి పక్కన పెట్టించి, పెళ్ళికొడుకు తండ్రి వేషం కట్టించి, ఒక మాట చెప్పమన్నాడు. వియ్యంకుడు ముఖం ముడుచుకుని కూర్చుంటే ఇతను వెళ్ళి అనాలి: "పిల్లనిచ్చీవోడివి, ఒక నవ్వు ఇయ్యలేవేటి బావా?"

"తాతా, నోట్లో అదేంటి? తీసెయ్" అన్నారట.

"తీసీత్తే ఆరిపోద్ది బాబూ. తరవాత వాయించాల గదా" అన్నాడట ఇతను.

తర్వాత ఎవరూ వాయించమనలేదు. చీకటి పడేదాకా చాప ఎక్కడ వేస్తారో అని చూసి, వేషం విప్పించుకుని ఇంటికొచ్చేశాడు. సినిమా వచ్చింది. ఆ ఒక్క మాటా జనం పట్టుకున్నారు. పలాస స్టేషన్లో కుర్రాళ్ళు నాలుకతో బుగ్గ ఉబ్బించి, "ఒక నవ్వు ఇయ్యలేవేటి బావా" అని రైలు దిగేవాళ్ళని ఏడిపించడం నేను చూశాను. హైదరాబాదు నుంచి వరసగా పిలుపులొచ్చాయి. తండ్రి, మావ, జాలరి పెద్ద, ఊరి ప్రెసిడెంటు, రకరకాల వేషాలు. అన్నిటికీ ఒకటే షరతు, అలాగే ఒక పక్క నుంచి మాట్లాడాలి. పీక తీసి మాట్లాడితే, ఏదో తగ్గింది సార్ అనేవారట. దాంతో సన్నాయికి పెట్టాల్సిన పీక మాటలకి పెట్టుకుని తిరిగాడు. సినిమావాళ్ళూ, అతని ఇంటివాళ్ళూ కాక ఇది తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే అనుకుంటాను. మిగతా జనమంతా దాన్ని నటన అన్నారు.

సినిమాలు చేస్తున్నా మేళం మానలేదు అతను. మాన్పించారు. ఎలా మాన్పించారో చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను.

కవిటి వైపు ఒక పెద్ద కొబ్బరితోటల ఆసామీ ఇంట్లో పెళ్ళి. ఆ ఇల్లు మాకు కొత్త కాదు. ఆసామీ తండ్రి హయాంలో అక్కడ చాలా శుభకార్యాలు చేశాం. అప్పుడు మేళంవాళ్ళకి వరండా మెట్టు దిగువన చాప వేసేవారు. అన్ని బంతులూ లేచాక, పెరట్లో విస్తరి. అతని తండ్రి కూడా ఆ మెట్టు దిగువనే వాయించాడు. ఈసారి అతను యథాప్రకారం సంచీలో సన్నాయి పెట్టుకుని, మేనల్లుడితో ఆటో దిగి, మెట్టు దిగువకి నడిచాడు. ఆసామీ లోపలి నుంచి పరిగెత్తుకుంటూ వచ్చాడు.

"ఇదేటి మావా! నువ్వు సాప మీద కూకోడవేటి? మా పరువేటి గావాల? రా, ఇలగ రా."

"వాయించాల గదా బాబూ" అన్నాడతను.

"నువ్వు వాయించడవేటి మావా! నువ్వలగ కూకుంటే అదే సాలు."

చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళి, పీటలకి ఎదురుగా, టెంటుహౌసువాళ్ళ ఎర్ర ముఖమల్ కుర్చీలో కూర్చోబెట్టాడు. బంగారు రంగు చేతులూ, వీపు వెనక నెమలి పింఛమూ ఉన్న కుర్చీ. మెడలో కండువా వేశారు. మొదటి బంతిలో, వరండాలో, ఆసామీ పక్కనే ఆకు వేశారు. నిజం చెప్పాలి. ఆ రోజు అతను సంతోషించాడు, నేనూ సంతోషించాను. ఆకు ముందు కూర్చుని కాసేపు అన్నం కలపలేదు. వరండా అంతా ఒకసారి చూసుకున్నాడు. వాళ్ళ నాన్న ఎన్నడూ ఎక్కని వరండా. నా వంక చూసి, "మా అయ్య ఉంటే బాగున్ను బాబూ" అన్నాడు.

కానీ అంతకు ముందు, ముహూర్తం వేళ ఒకటి జరిగింది. నేను అలవాటుగా "గట్టిమేళం" అనగానే అతను కుర్చీలోంచి సగం లేచాడు. అక్షింతలు వేయడానికి లేచాడనుకుని పక్కావిడ పళ్ళెం అందించింది. అతను ఆ పళ్ళెం వంక చూసి, నాలుగు గింజలు తీసుకుని, కూర్చున్నాడు. చాప మీద మేనల్లుడు వాయించాడు.

అక్కడి నుంచి ప్రతి పెళ్ళిలోనూ కుర్చీ. ఒక ఇంట్లో వేశాక రెండో ఇంట్లో వేయకపోతే పరువు తక్కువ. పిలవడానికి వచ్చినప్పుడే చెప్పేవారు, "మావా, నీకు కుర్సీ సెప్పీసినాం" అని. అవమానం చేస్తే ఎదురు తిరగవచ్చు. గౌరవం చేసేవాళ్ళతో ఏమని పోట్లాడతాడు? అతని కొడుకులూ కుర్చీ పక్షమే. తాత ముత్తాతల నుంచి చాపల మీద కూర్చున్నది చాలు, ఇప్పుడు మళ్ళీ దిగితే మమ్మల్ని నలుగురూ ఏమనుకుంటారు అన్నారు. వాళ్ళ మాటలోనూ తప్పు లేదు. ఎవరి మాటలోనూ తప్పు లేకుండానే మనిషిని మూలన కూర్చోబెట్టవచ్చని నేను అతన్ని చూశాకే తెలుసుకున్నాను.

ఒకసారి తెగించాడు. టెక్కలిలో పెళ్ళి, మా వీధి చివర కల్యాణమండపంలో. కుర్చీ ఖాళీగా వదిలేసి, మేనల్లుడి పక్కకి వెళ్ళి, చాప మీద కూర్చుని సన్నాయి అందుకున్నాడు. మొదటి పలుకుకే నాకు వెన్ను నిటారయింది. ఎన్నాళ్ళో అయింది విని. మంత్రం ఆపి వింటున్నాను. ఈలోగా జనం అతన్ని చూశారు. అంతే, హాలు హాలంతా ఆ మూలకి ఒరిగిపోయింది. అందరి చేతుల్లోనూ ఫోన్లే. ఒకడు అతని భుజం మీద చెయ్యి వేసి కూర్చుని, "మావా, ఒక్కపాలి ఆ డైలాగు సెప్పు" అంటున్నాడు. నోట్లో సన్నాయి ఉన్న మనిషి డైలాగెలా చెబుతాడు? ఇతను తల అడ్డంగా ఊపుతూనే వాయిస్తున్నాడు. వీడియో తీసే మహానుభావుడు కూడా పీటలు వదిలేసి అటే పోయాడు. ముహూర్తం దాటిపోతోంది. నేను తాళి కట్టించేశాను. అక్షింతలు వేసినవాళ్ళం నేనూ, ఇద్దరు తల్లులూ, పెళ్ళికూతురి నాయనమ్మా.

"ఓలమ్మ, ఇదేటర్రా! పిల్ల మెళ్ళో పుస్తె పడతన్నాది, ఇటు సూసీవోళ్ళు నేరు!" అని ఆ ముసలావిడ నెత్తి కొట్టుకుంది.

వీడియో ఆయన తిరిగొచ్చి, "పంతులుగారూ, ఇంకోసారి కట్టించండి, మిస్సయింది" అన్నాడు. వాణ్ణి నేను ఏమన్నానో రాయను. పెళ్ళికూతురి తండ్రి అతని దగ్గరికి వెళ్ళి, చేతులు జోడించి, మర్యాదగానే అన్నాడు: "మీరు కుర్సీలో కూకుంటే ఏ గొడవా నేకపోను గదా మావా." కొత్తపెళ్ళికూతురు ఏడుస్తోంది. అతను ఆ పిల్లని చూశాడు. సన్నాయి సంచీలో పెట్టేశాడు.

మండపం బయట మేనల్లుడు చాప చుడుతూ, తల ఎత్తకుండా, "మావా, నీకు దండవెడతాను. నువ్వింక సాప మీదికి రాకు. మమ్మల్నింక ఎవులూ పిలవరు" అన్నాడు. పక్కనే ఉన్నాను, విన్నాను. అతను మేనల్లుడి భుజం తట్టి, ఆటో ఎక్కాడు. ఆటోవాడు అతన్ని గుర్తుపట్టి ముందు ఒక ఫోటో దిగి, తర్వాత బండి తీశాడు.

ఆ తర్వాత కాశీబుగ్గ వెళ్ళినప్పుడల్లా అతని ఇంటికి వెళ్ళేవాణ్ణి. గోడంతా షీల్డులు. మాటల్లో ఒకసారి హైదరాబాదు ఎలా ఉందని అడిగాను. "అక్కడ నన్నెవులూ సూడరు, ఇక్కడ అందరూ సూత్తారు. రెండు సోట్లా పని ఒకటే బాబూ, కూకోడం" అన్నాడు.

"మరి ఇంట్లో వాయించుకోవచ్చు కదయ్యా. ఎవరొద్దన్నారు?"

"ఇంట్లో వాయిత్తే అది సాధకం బాబూ. మేళం కాదు. మేళానికి ఎవులో ఒకలు తాళి కట్టాల, మీరు అరవాల." ఇంకొంచెం నా వైపు జరిగి, "నన్నెరగనోళ్ళ పెళ్ళి ఒకటి సూడండి బాబూ. ఒక్కటి సాలు" అన్నాడు.

నేను నవ్వాను. అతను నవ్వలేదు. అప్పుడు నాకు భయం వేసింది.

వెతికాను. సంబంధాలు వెతికే పేరయ్యలా, అతన్ని ఎరగని పెళ్ళి కోసం ఊళ్ళన్నీ వాకబు చేశాను. తుని నుంచి ఇటు ప్రతి ఇంట్లోనూ ఫోనుంది, ప్రతి ఫోనులోనూ ఇతని ఉబ్బిన బుగ్గ ఉంది. చివరికి ఇచ్ఛాపురం అవతల ఒరియా వాళ్ళ పెళ్ళి తగిలింది. నా వేలువిడిచిన బావగారు అక్కడ పౌరోహిత్యం చేస్తుంటారు. ఆయన్ని బతిమాలి, "పలాస నుంచి మంచి సన్నాయి వస్తోంది" అని మాత్రం చెప్పించి, అతన్ని వెంటబెట్టుకుని వెళ్ళాను. అతను పాత చొక్కా వేసుకున్నాడు, తలకి తువ్వాలు చుట్టుకున్నాడు. పందిట్లో చాప మీద కూర్చుని సంచీ ముడి విప్పాడో లేదో, పెళ్ళికూతురి తల్లి వంటింట్లోంచి తొంగిచూసి, ఒక్క కేక వేసి లోపలికి పోయింది. తిరిగి వచ్చినప్పుడు ఒక చేతిలో ఫోను, ఒక చేతిలో కుర్చీ. వెనకే పిల్లలు బుగ్గలు ఉబ్బించుకుని.

అతను కుర్చీ ఎక్కి కూర్చుని, నా వంక చూసి, పగలబడి నవ్వాడు. "భాష మారినా కుర్సీ మారనేదు బాబూ" అన్నాడు. అంత నవ్వు అతను నవ్వగా నేను అంతకు ముందు చూడలేదు, ఆ తర్వాతా చూడలేదు. రైల్లో వస్తున్నంతసేపూ సన్నాయి సంచీ ఒళ్ళోంచి దించలేదు.

తర్వాత జబ్బు బయటపడింది. ఉద్దానం మనిషికి ఏ జబ్బు అని అడగనక్కర లేదు. మా వైపు కిడ్నీ పోయిన మనిషి లేని ఇల్లు వెతికి పట్టుకోవాలి. డయాలసిస్‌కి వెళ్ళేవాడు. ఒకరోజు చూడ్డానికి వెళ్ళాను. ఒక చేతికి గొట్టాలు, పక్క మంచం వాళ్ళ కూతురు ఫోను పట్టుకుని నిలబడి ఉంది. అతను ఖాళీగా ఉన్న చెయ్యి ఎత్తి, బుగ్గ ఉబ్బించి, "ఒక నవ్వు ఇయ్యలేవేటి బావా" అన్నాడు ఆ అమ్మాయి నాన్నతో. పాపం ఆయన నవ్వాడు. వార్డంతా నవ్వింది. అందరూ ఎవరి మంచాల మీదికి వాళ్ళు పోయాక అతను నన్ను దగ్గరికి పిలిచి, "పెళ్ళి ఏదేనా కుదిరిందా బాబూ?" అన్నాడు.

పక్క మంచం ఆయన చెవి ఇటు వేశాడు. "ఎవరికండీ, మనవడికా?"

"అవునండీ" అన్నాన్నేను. ఏం చెప్పను?

ఆ తర్వాత కొన్నాళ్ళకి ఒక సినిమా కంపెనీ కుర్రాడు మా ఇంటికొచ్చాడు. కవిటి తోటల్లో పెళ్ళి సీను తీస్తున్నారట, అసలు సిసలు పురోహితుడు కావాలట. మీ పేరు మావగారు చెప్పారండీ అన్నాడు. మావగారంటే ఇతనే. మా ఇంటిదానికి సరదా పుట్టింది. నాకూ పుట్టిందనుకోండి, కానీ బింకంగా ఒక మాట చెప్పాను. ఉత్తుత్తి పెళ్ళికి నేను మాంగల్యధారణ మంత్రం చదవను, సహస్రనామం చదువుతాను, ఇష్టమైతే రమ్మన్నాను. "మీరు పెదాలు కదిపితే చాలండీ, సౌండు తర్వాత వేస్తాం" అన్నాడు కుర్రాడు.

వెళ్ళాను. కొబ్బరిచెట్ల మధ్య పెళ్ళిపందిరి. అంత మంచి పందిరి నేను నిజం పెళ్ళిలో చూడలేదు. పెళ్ళికూతురి తాత వేషం అతనిది. పట్టుపంచె, ఉత్తరీయం, వేళ్ళకి ఉంగరాలు, నాకు ఎదురుగా పెద్ద కుర్చీ. బాగా చిక్కిపోయాడు, వేషం వదులుగా వేలాడుతోంది. మూలన చాప మీద నలుగురు కుర్రాళ్ళని మేళంవాళ్ళుగా కూర్చోబెట్టారు. ఒకడి చేతిలో సన్నాయి ఉంది గానీ దానికి పీక లేదు. వాడు ఉత్త బుగ్గలు పూరిస్తున్నాడు, అదీ తలకిందులుగా వేళ్ళు పెట్టి. అతను ఆ కుర్రాడి వేళ్ళ వంకే చూస్తున్నాడు. రెండు మూడుసార్లు తాళి కట్టించారు, విప్పించారు. నేను సహస్రనామం చదివాను.

తర్వాత లైట్లు మార్చాలని ఆపారు. దర్శకుడు గొడుగు కిందికి పోయాడు. హీరో, హీరోయిను పీటల మీదే కూర్చుని చెరో ఫోనూ చూసుకుంటున్నారు. లైట్లవాళ్ళు తీగలు లాగుతున్నారు. అప్పుడు అతను కుర్చీలోంచి లేచి, పట్టుపంచె ఎగగట్టి, మెల్లగా నడిచి వెళ్ళి, చాప మీద కూర్చున్నాడు. ఒక్కరూ తల తిప్పలేదు. ఆ కుర్రాడి దగ్గర సన్నాయి తీసుకుని, బుగ్గలోంచి తన పీక తీసి దానికి బిగించి, నా వంక చూశాడు.

"బాబూ, ఒక్కపాలి అనండి."

"ఏమనమంటావయ్యా?"

"మీకు తెల్దా?"

తెలుసు. "ఇది పెళ్ళి కాదు కదయ్యా" అన్నాను.

"నాకు తెలుసు బాబూ. ఇక్కడైతే నన్నెవులూ సూడరు. అందుకే మీ పేరు సెప్పినాను" అన్నాడు.

నేను నా ఆచారాన్నీ, బింకాన్నీ పక్కన పెట్టి లేచి నిలబడ్డాను. కుడిచెయ్యి పైకెత్తి, ఉన్న గొంతంతా పెట్టి, "గట్టిమేళం! గట్టిమేళం!" అని అరిచాను.

ఆ సన్నాయి ఎలా పలికిందో రాయడం నాకు చేతకాదు. డోలు లేదు, శ్రుతిపెట్టె లేదు, అతనొక్కడే. కొబ్బరితోటంతా అదే మోగింది. ముందు హీరో ఫోను కింద పెట్టాడు. ఆ అమ్మాయి, ఎవరూ చెప్పకుండానే, భుజాల చుట్టూ కొంగు లాక్కుని తల వంచుకుంది. లైట్లవాళ్ళలో ఒకతను పళ్ళెంలోంచి అక్షింతలు తీసి వాళ్ళ మీద వేశాడు, ఇంకొకతను వేశాడు, తర్వాత అందరూ వేశారు. అందరూ ఆ జంటనే చూస్తున్నారు. అతని వైపు ఒక్క ఫోనూ లేవలేదు. అతను కళ్ళు మూసుకోలేదు ఈసారి. నా చేతి వంకే చూస్తున్నాడు.

మా ఒప్పందం అది. నా చెయ్యి ఎత్తి ఉన్నంతసేపూ గట్టిమేళం ఆపకూడదు, దించితే ఆపాలి. నేను దించలేదు. ఏ పెళ్ళిలోనూ ఎత్తి ఉంచనంతసేపు ఉంచాను. భుజం లాగేస్తోంది. అతని మెడ నరాలు తేలుతున్నాయి, ఉంగరాలు సన్నాయికి తగిలి చప్పుడవుతున్నాయి, చెమట పట్టి వేషం రంగు కారుతోంది. ఒక్కచోట కూడా స్వరం వణకలేదు. వణికింది నేను. ఈ మనిషి ఇక్కడే కూలిపోతాడేమోనని భయపడ్డాను. చెయ్యి దించేశాను.

అతను ఆపాడు. "సర్, షాట్ రెడీ. కుర్చీలోకి రండి" అని పిలిచారు అటు నుంచి. సన్నాయి కుర్రాడికి ఇచ్చేసి, నేల మీద చెయ్యి ఆన్చి లేచి, నా పక్క నుంచి వెళుతూ ఆగాడు. రొప్పుతున్నాడు. పీక ఇంకా సన్నాయికే ఉంది, అందుకని ఆ మాట నోరంతా తెరిచి, మామూలు మనిషిలా అన్నాడు.

"ఇంకాసేపు ఎత్తి ఉంచాల్సింది బాబూ సెయ్యి. నాకింకా ఊపిరున్నాది."